జ్వాలాపురం బూడిదను ఇక తవ్వనివ్వకండి: గనుల శాఖ మంత్రి గారికి బహిరంగ లేఖ

ఆంధ్రప్రదేశ్ గనుల శాఖ మంత్రి గారికి నమస్కారం.

కాలాన్ని ఆపేసే రాయి, రోజుల్ని వెనక్కి తిప్పే ఖనిజం లాంటివి కథల్లోనే ఉంటాయని అనుకుంటాం. మీ శాఖ చేతికింద నిజంగానే అలాంటిదొకటి ఉంది సార్. నంద్యాల జిల్లాలో బనగానపల్లె దగ్గర, జుర్రేరు లోయలో, జ్వాలాపురం పొలాల కింద తెల్లటి బూడిద పొరగా ఉంది. దాన్ని గిన్నెలు తోమే పొడికీ బట్టల పొడికీ ఏళ్ల తరబడి తవ్వి అమ్ముకున్నారు. మిగిలిందాన్నయినా కాపాడమని అడగడానికే ఈ ఉత్తరం.

ఆ బూడిద ఇక్కడ పుట్టింది కాదు. సుమారు 74 వేల ఏళ్ల క్రితం ఇండోనేషియాలోని సుమత్రా దీవిలో తోబా అగ్నిపర్వతం బద్దలైంది. గత 20 లక్షల ఏళ్లలో అంత పెద్ద విస్ఫోటం ఇంకొకటి లేదంటారు, అది పేలిన చోట ఏర్పడిన గుంత ఇవాళ దాదాపు వంద కిలోమీటర్ల పొడవున్న చెరువు. అక్కడి నుంచి రెండున్నర వేల కిలోమీటర్లకు పైగా గాలిలో వచ్చి మన సీమ మీద పడిన బూడిదను వాన నీళ్లు ఈ లోయలోకి కడిగి తెచ్చాయి, అందుకే కొన్నిచోట్ల పొర రెండు మీటర్లు దాటి ఉంది. తవ్విన గుంత అంచున నిలబడి చూస్తే కింద మట్టి, మధ్యలో తెల్లగా బూడిద, పైన మళ్లీ మట్టి, గీత గీసినట్టు తెలుస్తాయి. చిటికెడు తీసి వేళ్ల మధ్య నలిపితే మెత్తగానే ఉంటుంది కానీ సన్నగా గరుకు తగులుతుంది. అది గాజు. మైక్రోస్కోపు కింద పెడితే పగిలిన బుడగల పెంకుల్లా వంపు తిరిగిన గాజు ముక్కలు కనిపిస్తాయి.

ఇక కాలం సంగతి. తోబా బూడిదలో శానిడిన్ అనే ఖనిజం స్ఫటికాలుంటాయి. వాటిలోని పొటాషియంలో కొద్ది భాగం ఒకే లెక్కలో మెల్లమెల్లగా ఆర్గాన్ వాయువుగా మారుతూ ఆ స్ఫటికంలోనే చిక్కుకుపోతుంది, దాన్ని కొలిచి ఆ 74 వేల ఏళ్ల లెక్క తేల్చారు. బూడిదకు కిందా పైనా ఉన్న మట్టిలో క్వార్ట్జ్ (పలుగురాయి) రేణువులది ఇంకో పద్ధతి. చీకట్లో పూడిపోయినప్పటి నుంచి అవి చుట్టూ ఉన్న రేడియోధార్మికత నుంచి శక్తిని దాచుకుంటూ వస్తాయి, ల్యాబులో వెలుతురు తగిలించగానే దాన్ని కాంతిగా వదిలేస్తాయి. అందుకే శాంపిల్ తీసేవాళ్లు లోహపు గొట్టాన్ని గోడలోకి దిగగొట్టి, ఎండ తగలకుండా మూసేసి, ల్యాబులో మసక ఎర్ర లైటు కింద తెరుస్తారు. అలా కొలిస్తే బూడిద కింది మట్టికి సుమారు 77 వేల ఏళ్లని తేలింది. అదే మట్టిని జేసీబీ ఎత్తి ఎండలో కుప్ప పోస్తే ఎండ తగిలిన రేణువుల్లో ఆ గడియారం కాసేపట్లోనే సున్నాకు వచ్చేస్తుంది. మళ్లీ ఎవరూ చదవలేరు, ఎంత డబ్బు పోసినా సరే.

బూడిదకైతే ఆ బాధ లేదు, పొడి డబ్బాలోకి వెళ్లినా శానిడిన్ వయసు మారదు. కానీ పొర కదిలిపోయాక దాని కింద దొరికిన రాతి పనిముట్టు దానికంటే పాతదనీ, పైన దొరికింది కొత్తదనీ చెప్పడానికి సాక్ష్యం ఏముంటుంది? జ్వాలాపురం విలువంతా ఆ కిందా పైనా అనే వరసలోనే ఉంది. పురావస్తు శాస్త్రవేత్తలు మైకేల్ పెట్రాగ్లియా, ధార్వాడలోని కర్ణాటక విశ్వవిద్యాలయానికి చెందిన రవి కొరిశెట్టర్, వాళ్ల బృందం 2007లో సైన్స్ పత్రికలో రాసింది దీని గురించే. బూడిదకు ముందూ తర్వాతా ఉన్న రాతి పనిముట్లు దాదాపు ఒకే తీరున ఉన్నాయి, అంటే అంత ఉపద్రవం తర్వాత కూడా ఇక్కడ మనుషులు బతికారన్నమాట. వాళ్లు మనలాంటి మనుషులేనా, అంతకు ముందరి వాళ్లా అన్న వాదన ఇంకా నడుస్తూనే ఉంది. రేపు కొత్త పద్ధతులతో తేల్చాలనుకునేవాళ్లకు కదలని పొర కావాలి కదా.

పొట్టకూటి మాట వస్తుందని తెలుసు, అది న్యాయమైన మాటే. బేతంచెర్ల, బనగానపల్లె వైపు రాయి మీద బతికే కుటుంబాలెన్నో. కానీ గిన్నెల పొడికి ఈ బూడిదే కావాలని ఏమీ లేదు, కాల్సైట్, డోలమైట్ పొడులు వాడుతూనే ఉన్నారు. మంగంపేటలో ముగ్గురాయి (బెరైటీస్) తవ్వుతూనే ఉన్నా, అక్కడి నిక్షేపాన్ని జియలాజికల్ సర్వే ఆఫ్ ఇండియా జాతీయ భూవిజ్ఞాన స్మారకంగా గుర్తించింది. జ్వాలాపురం మీద కూలికి ఆధారపడినవాళ్లుంటే కాపలాకూ, చూడవచ్చేవాళ్లకు దారి చూపడానికీ వాళ్లనే పెట్టుకోండి. పట్టా భూమి అయితే రైతుకు సరైన పరిహారం ఇవ్వండి, ఊరికే నోటీసు అంటించి పోతే ఎవరికీ మేలు కాదు.

జియలాజికల్ సర్వే వాళ్లనూ రాష్ట్ర పురావస్తు శాఖనూ కలిపి ఒక సర్వే చేయించండి. ఏ సర్వే నంబర్లలో పొర చెక్కుచెదరకుండా మిగిలిందో గుర్తించి హద్దురాళ్లు పాతించండి. 1960 నాటి రాష్ట్ర పురావస్తు చట్టం కింద రక్షిత స్థలంగా ప్రకటించే వీలుంది, భూవారసత్వ స్థలాల మీద కేంద్రం 2022లో పెట్టిన ముసాయిదా బిల్లు సంగతి ఎలా ఉన్నా సరే. ఇవన్నీ నెలల పని, ఫైలు కదలాలి. ఈలోపు చేయగలిగింది ఒకటుంది సార్: సర్వే పూర్తయ్యేదాకా ఆ లోయలో బూడిద తవ్వకానికి అనుమతిగానీ రవాణా పర్మిట్‌గానీ ఇవ్వొద్దని జిల్లా గనుల అధికారికి రాతపూర్వకంగా చెప్పండి, ఆ ఉత్తర్వు కాపీని జ్వాలాపురం పంచాయతీ ఆఫీసు గోడ మీద కూడా అంటించమనండి.

ఇట్లు,
నంద్యాల జిల్లా వాసి