పాత దృశ్యానికి ఊరు, సంవత్సరం వేయాలి

సంపాదకులకు,

అయ్యా,

నాగార్జునసాగర్ నిర్మాణంపై ఈ మధ్య ప్రసారమైన ఒక డాక్యుమెంటరీలో నేనూ పాలుపంచుకున్నాను. ఆనకట్ట దగ్గర తాపీమేస్త్రీగా పనిచేసిన మా నాన్న గురించి, తట్టలతో మాలు మోసిన మా అమ్మ గురించి తెర మీద మాట్లాడడం అందులో ఒక పని. పాత వార్తాచిత్రాల దృశ్యాలను ఎడిటింగ్ గదిలో కూర్చుని చూసి, ఏది ఎక్కడిదో గుర్తుపట్టడం రెండో పని. మొదటిదానికి ఒక పూట చాలింది. రెండోదానికి నాలుగు రోజులు పట్టింది.

ఆనాటి వార్తాచిత్రాల్లో వినిపించేది చాలావరకు తర్వాత జోడించిన వ్యాఖ్యానమే కాబట్టి, పనివాళ్ల యాసను బట్టి చోటును పోల్చుకునే వీలుండదు. 1955 డిసెంబరు 10న నెహ్రూ చేసిన శంకుస్థాపనకూ, 1967 ఆగస్టు 4న ఇందిరాగాంధీ కాల్వలకు నీళ్లు వదలడానికీ తేదీ వెతకనక్కర్లేదు. ఆ నడుమ పన్నెండేళ్లు పేరులేని కూలీలు కనిపించే దృశ్యాల దగ్గరే కష్టమంతా. సాగర్ ప్రధాన ఆనకట్ట రాతికట్టడం. కర్రల పరంజాల మీదుగా ఆడా మగా వరుసకట్టి రాళ్లు మోస్తుంటే అది సాగర్ కావచ్చు. నదికి అడ్డంగా లేస్తున్న గోడంతా కాంక్రీటుతో పోస్తుంటే అది భాక్రా లాంటి మరో ఆనకట్ట అయి ఉండాలి.

తీరా చిత్రం చూస్తే, మా అమ్మ మోసిన తట్టల గురించి నేను చెబుతున్నంతసేపూ తెర మీద కాంక్రీటు పోస్తున్న వేరే ఆనకట్టే కనిపించింది. అది సాగర్ కాదని ఎడిటింగ్ గదిలోనే చెప్పాను. ప్రేక్షకులు అంత పట్టించుకోరన్నారు. చూపు మందగించిన మా మేనమామ మాత్రం హాలియా నుంచి ఆ రాత్రే ఫోన్ చేసి, "అది మన కట్ట కాదు గదరా" అన్నాడు. నేను సాక్ష్యం చెప్పిన మాటకు అబద్ధపు బొమ్మ తోడైనందుకు ఆయనకు ఏమని జవాబు చెప్పాలో తోచలేదు.

డాక్యుమెంటరీ తీసేవారు ప్రతి పాత దృశ్యం కిందా ఊరు, సంవత్సరం వేయాలి. తెలియనప్పుడు తెలియదనే వేయాలి. ఒకరి మాట మీద పరిచే దృశ్యాలను ప్రసారానికి ముందు ఆ మనిషికి చూపించాలి. దృశ్యాలను గుర్తుపట్టినవారు రాసిచ్చిన వివరాలను ఆ ఫుటేజీతోపాటే భద్రపరచాలి, ఎందుకంటే సాగర్ పనిని కళ్లారా చూసినవాళ్లు మా జిల్లాలో ఏటేటా తగ్గిపోతున్నారు.

మళ్లీ ప్రసారం చేసేలోగా ఆ దృశ్యాన్ని తొలగించమని, కనీసం అది సాగర్ కాదని కింద ఒక్క వరుస వేయమని నిర్మాతలకు రాశాను. జవాబు కోసం ఎదురుచూస్తున్నాను.

— విశ్రాంత ఉపాధ్యాయుడు, నల్లగొండ