వేలు ఎటు చూపాలి?

చిరంజీవి అమ్మలుకు నాన్న ఆశీస్సులు. ఇక్కడ అమ్మ, నాయనమ్మ, నేను క్షేమం.

ఆదివారం నాడు విజయవాడ స్వరాజ్ మైదానం నుంచి నువ్వు పంపిన ఫొటో చూశాము. 81 అడుగుల పీఠం, దాని మీద 125 అడుగుల అంబేద్కర్ విగ్రహం, కింద మెట్ల దగ్గర ఎక్కడో చీమంత నువ్వు. నాయనమ్మ ఫోను చేతిలోకి తీసుకుని, రెండు వేళ్లతో బొమ్మను సాగదీసి సాగదీసి, నీ ముఖం దొరికేదాకా వెతికింది. విగ్రహం ముఖం జోలికి మాత్రం పోలేదు. ఆ ఫొటో కింద, "ఈ డబ్బుతో ఎన్ని హాస్టళ్లు బాగుపడేవో కదా నాన్నా, మనవాళ్లకు ఈ బొమ్మల పిచ్చి ఎందుకు?" అని రాశావు. రెండు ముక్కల్లో జవాబు టైపు చేయబోయి, కుదరక, కాగితం తీశాను.

హాస్టళ్ల సంగతిలో నీతో నాకు పేచీ లేదు. పురుగుల అన్నం ఏరుకుని తిని పదో తరగతి గట్టెక్కినవాణ్ణి, ఆ లెక్క నాకు ఒకరు చెప్పనక్కరలేదు. కానీ ముప్పయ్యేళ్లకు పైగా, మొదట సైన్‌బోర్డులు రాసి, తరువాత బడిలో డ్రాయింగు మాస్టారుగా పిల్లల చేత బొమ్మలు వేయించి బతికినవాణ్ణి కనుక "బొమ్మల పిచ్చి" అన్న మాట కొంచెం గుచ్చుకుంది. మన డొంక మొదట్లో ఉన్న విగ్రహాన్ని నువ్వు పుట్టినప్పటినుంచీ చూస్తున్నావు కాబట్టి, పక్కనున్న వేపచెట్టులాగే అదీ దానంతటదే మొలిచిందని నీకు అనిపించి ఉండవచ్చు. అది అక్కడికి ఎలా వచ్చిందో నీకు నేను ఎప్పుడూ పూర్తిగా చెప్పలేదు.

నా చిన్నతనంలో మన ఇంటి గోడకు ఏసుప్రభువు క్యాలెండరు, దాని పక్కన ఇందిరాగాంధీ ఫొటో ఉండేవి. అంబేద్కర్ పేరు నేను మొదట విన్నది హాస్టల్లోనే. 1985 జూలై 17న కారంచేడులో మాదిగవాడ మీద పడి మనుషులను చంపిన తరువాత, బతికినవాళ్లు తలదాచుకున్న చీరాల శిబిరంలోంచి దళిత మహాసభ పుట్టి, ఆ కార్యకర్తలు సైకిళ్ల మీద పల్లెపల్లెకూ తిరుగుతూ ఆయన ఫొటోను తెచ్చారు. 1991లో ఆయన శతజయంతి ముగిసిన కొద్ది నెలలకే, ఆగస్టు 6న, చుండూరులో దళితుల ఊచకోత జరిగింది. ఆ భయంలోనే, ఆ కోపంలోనే ఊరికి ఎడంగా ఉన్న మన పల్లె విగ్రహం పెట్టాలని తీర్మానించుకుంది. ఆ ఏడు నాట్లకు పోయిన ఆడవాళ్లు తలా రెండు రోజుల కూలి ఇచ్చారు. మీ నాయనమ్మ మూడు రోజులది ఇచ్చానని ఇప్పటికీ అంటుంది. తెనాలిలో చేయించిన సిమెంటు విగ్రహం ట్రాక్టరు తొట్టిలో, వరిగడ్డి మధ్య పడుకుని, ముక్కు కొసన చిన్న పెచ్చు ఊడి వచ్చింది. దానికి రంగులు వేసే పని నాది.

ఎక్కడ పెట్టాలన్న దగ్గర మొదలైంది రగడ. మనవాళ్లు ఊరి సెంటరులో, పంచాయతీ ఆఫీసు పక్కన అన్నారు. ఊరి పెద్దలు, "మీ పల్లెలో పెట్టుకోండి, ఎవరు వద్దన్నారు?" అన్నారు. దానికి మా మేనమామ, "పల్లెలో ఆయన మాకు తెలుసయ్యా, తెలియాల్సింది మీకు" అని లేచి వచ్చేశాడు. నెలల తరబడి నలిగి, చివరకు ఊరికీ పల్లెకూ కాకుండా, డొంక రోడ్డులో కలిసేచోట ఖాయమైంది.

దిమ్మె కట్టి, చెయిన్ బ్లాకుతో విగ్రహాన్ని పైకి లేపిన రోజున ఇంకొక చిక్కు వచ్చిపడింది. చాచిన ఆ చూపుడువేలు సరిగ్గా ఊళ్లోని మేడల వైపుకు తిరిగి ఉంది. "మా ఇళ్లకేసి వేలు చూపిస్తే ఊరుకునేది లేదు" అని అటునుంచి పదిమంది వచ్చారు. మండల రెవెన్యూ అధికారి వచ్చాడు, వెనకాలే పోలీసు జీపు వచ్చింది. ముఖానికి తువ్వాలు చుట్టి ఉన్న బాబాసాహెబ్ మధ్యాహ్నం నుంచి పొద్దు వాలేదాకా తాళ్ల మీద వేలాడుతూనే ఉన్నాడు. పల్లె వైపు తిప్పుదామంటే మనవాళ్లు ఒప్పుకోలేదు, చెరువు వైపు తిప్పితే అర్థం లేదన్నారు, చివరికి హైస్కూలు వైపు తిప్పి బిగించారు. ఏటా జయంతికి వచ్చే ఉపన్యాసకులు, "చూడండి, చదువుకొమ్మని వేలెత్తి చూపిస్తున్నాడు" అంటూ ఉంటే నేను లోలోపల నవ్వుకుంటాను. అది రాజీకి తిరిగిన వేలు.

ఉత్త సిమెంటు బొమ్మే అయితే దాని వేలు ఎటు ఉంటే ఎవరికి నొప్పి? ఆ మధ్యాహ్నం అక్కడ నిలబడ్డ ప్రతి ఒక్కరికీ, మనకన్నా ముందు ఎదుటివాళ్లకే, అది బొమ్మ కాదని తెలుసు. ఊరి నడిబొడ్డున తలెత్తుకుని నిలబడే హక్కు ఎవరికి ఉంది, ఎవరు ఎవరికేసి వేలెత్తవచ్చు అన్న తగవు అది, మాటల్లో తేలక బొమ్మ మీదికి వచ్చింది.

ఆయన వేషం సంగతి కూడా అలాంటిదే. 1967లో పార్లమెంటు ఆవరణలో పెట్టిన కంచు విగ్రహంలోని ఆ చాచిన చెయ్యి, ఆ పుస్తకం, ఆ కోటు దేశమంతటా పల్లెల్లోని సిమెంటు విగ్రహాల్లోనూ కనబడతాయి. గాంధీ 1921లో మదురైలో చొక్కా విడిచి కొల్లాయికి దిగాడు. 1931లో లండన్ రౌండ్ టేబుల్ సమావేశంలో అదే వేషంతో ఆయన, సూటు వేసుకుని అంబేద్కర్ ఒకే సభలో కూర్చున్నారు. చొక్కా ఉన్నవాడు దాన్ని విడిస్తే త్యాగమని లోకం దండం పెట్టింది. మోకాలి కిందికి పంచె దిగితే తన్నులు తిన్నవాళ్ల బిడ్డ మూడు గుండీల కోటు వేసుకుంటే అది త్యాగం కాదు, కానీ అంతకన్నా తక్కువదీ కాదు. ఆయనకు బట్టల విలువ బాగా తెలుసు. 1927లో మహారాష్ట్రలోని మహాడ్‌లో ఆడవాళ్లతో మాట్లాడుతూ, అంటరానివాళ్లని గుర్తుపట్టేలా ఉన్న కట్టు మానేసి, చీర చీలమండల దాకా కట్టుకొమ్మని చెప్పాడు.

కోటుకు ఆ నీలం ఎవరు వేశారంటావా? మనం ఎరిగిన ఆయన ఫొటోల్లో చాలావరకు నలుపు తెలుపువే. ఆయన పెట్టిన షెడ్యూల్డ్ కులాల ఫెడరేషన్ జెండా నీలం. ఆ నీలాన్ని జనమే ఆయన ఒంటికి తొడిగారు, నాలాంటి పెయింటర్ల చేత తొడిగించారు. నేను మాత్రం ముఖం దగ్గర తప్పు చేశాను. క్యాలెండరు దేవుళ్లను చూసి అలవాటైన చెయ్యి కదా, తెలుపులో కాస్త ఎరుపు, చిటికెడు పసుపు కలిపి గులాబీ ముఖం వేశాను. పల్లె అంతా బాగుంది బాగుంది అంటూ ఉంటే, మీ నాయనమ్మ గడ్డిమోపు దించి, నడుం మీద చెయ్యి పెట్టుకుని చూసి, "మనోడు ఇంత తెల్లటోడా? ఇదేదో కరణంగారి అబ్బాయిలా ఉన్నాడే" అంది. ఆ రాత్రి పెట్రోమాక్స్ దీపం పెట్టుకుని రెడ్ ఆక్సైడ్ కలిపి మళ్లీ వేశాను. పెద్దమనిషి ముఖం అంటే తెల్లగా ఉండాలని నా చేతికి ఎవరు నేర్పారో ఆ రాత్రే మొదటిసారి ఆలోచించాను. బడిలో పిల్లలకు చర్మం రంగు కలపడం నేర్పినప్పుడల్లా ఇది గుర్తుకు వచ్చేది.

విగ్రహం వచ్చినంత మాత్రాన కూలి రేటు అర్ధరూపాయి పెరగలేదు. కానీ అంతకుముందు బస్సు కండక్టరు మన స్టాపును కులం పేరు పెట్టి కేకేసేవాడు. టిక్కెట్టు అడగడానికి నోరు తెరిస్తే పక్క సీటువాళ్లు తల తిప్పి చూసేవారు. విగ్రహం వచ్చిన ఏడాది లోపల అది "అంబేద్కర్ బొమ్మ స్టాపు" అయింది. ఎవరూ జీవో ఇవ్వలేదు, ఎవరూ అర్జీ పెట్టలేదు. నువ్వు కాలేజీకి పోయిన ఆరేళ్లూ ఆ పేరుతోనే టిక్కెట్టు తీసుకున్నావు, పాత పేరు నీ చెవిన పడలేదు. హాస్టలు గోడల లెక్కలో ఇది ఎక్కడ వేయాలో నాకు తెలియదు.

బొమ్మకు బలం ఉందని తెలిసినవాళ్లే బొమ్మను అవమానిస్తారు. 1997 జూలైలో ముంబయి ఘాట్కోపర్‌లోని రమాబాయి నగర్‌లో విగ్రహానికి చెప్పుల దండ వేస్తే, నిరసనకు వచ్చినవారి మీద పోలీసులు కాల్పులు జరిపి పదిమందిని చంపారు. మన విగ్రహానికీ ఒకసారి అలాంటి తెల్లవారుజాము వచ్చింది. ఎవరు వేశారో తేలలేదు, మరునాటికి చుట్టూ ఇనుప జాలీ వచ్చింది, దాని తాళంచెవి కొన్నేళ్లు స్టేషనులో ఉండేది. దండ వేయాలంటే వెళ్లి అడగాలి.

ఇక నువ్వు చూసి వచ్చిన పెద్ద విగ్రహం. హైదరాబాదులో 2023 ఏప్రిల్ 14న 125 అడుగులది లేచింది, విజయవాడలో 2024 జనవరి 19న ఇది. రోడ్ల మీద, ప్రజలు వాడుకునే స్థలాల్లో విగ్రహాలకు అనుమతి ఇవ్వవద్దని సుప్రీంకోర్టు 2013 జనవరిలోనే రాష్ట్రాలను ఆదేశించింది కాబట్టి, ఇప్పుడు ఏ పల్లె అయినా మనలా కూలి డబ్బులు పోగుచేసుకుని రోడ్డు వారన దిమ్మె కట్టడం కష్టం. ప్రభుత్వం తలచుకుంటే మాత్రం నగరం నడిబొడ్డున మైదానమే దొరుకుతుంది. చందాలతో లేచిన విగ్రహం అధికారాన్ని అడుగుతుంది. అధికారం నిలబెట్టిన విగ్రహం అడగడం మాని, అడిగేవాళ్లకు జవాబుగా చూపించడానికి పనికివస్తుంది. విజయవాడ పీఠం దగ్గర ఆవిష్కరించిన ముఖ్యమంత్రి పేరు అక్షరాలను 2024 ఆగస్టులో పీకేశారు. పేరు చెక్కించుకున్నవాళ్లకూ, పీకినవాళ్లకూ మధ్య జరిగిన ఆ గొడవలో బాబాసాహెబ్ పాత్ర ఏమిటో నాకు అర్థం కాలేదు. అదే ఏడు జూన్‌లో పార్లమెంటు ఆవరణలోని ఆ పాత కంచు విగ్రహాన్ని కూడా ఉన్నచోటి నుంచి కదిపి, వేరే మూలకు మార్చారు. మన డొంక తగవే, కాస్త పెద్ద ఎత్తున.

ఇంతా చెప్పి నన్ను నేను మినహాయించుకోలేను. ఫ్లెక్సీలు రాకముందు నాయకుల కటౌట్లు ఈ చేతులతోనే వేశాను. ఎవరి తల ఎంత పెద్దగా ఉండాలో అడుగుల లెక్కన చెప్పి వేయించుకునేవారు, ఆ లెక్కనే డబ్బులిచ్చేవారు, నీ ఫీజుల్లో కొన్ని అందులోంచే కట్టాను. ఇప్పుడు జయంతికి జాలీ చుట్టూ కట్టే ఫ్లెక్సీల్లో అంబేద్కర్ ముఖం మూల మీద బిళ్లంత, మండల నాయకుడి ముఖం మంచమంత.

నువ్వు కోపం తెచ్చుకున్నది ఆ మంచమంత ముఖాల మీదే అయితే నాకు సంతోషమే. దాన్ని "మనవాళ్ల పిచ్చి" కింద కలిపేయవద్దు.

వచ్చే ఏప్రిల్ 14కు మన విగ్రహానికి మళ్లీ రంగులు వేయాలి, పోయిన వానలకు కోటు మీద పెచ్చులు లేచాయి. నీలం నేను పూస్తాను. ముఖం రంగు నాయనమ్మ దగ్గరుండి చూసుకుంటానంది. కళ్లజోడు గీత సన్నగా రావాలి, ఆ పని నీది. మూడో నంబరు కుంచె కిరసనాయిల్లో కడిగి పక్కన పెట్టాను. రెండు రోజులు ముందుగానే సెలవు అడుగు.

మీ నాన్న