ఒకే రోజులో రెండూ చూపించే ట్రిప్పు ఆపేస్తున్నాను

అందరికీ నమస్కారం. కెనడాలో మన కాల్గరీ నుంచి మా వ్యాన్‌లో డైనోసార్ల బ్యాడ్‌ల్యాండ్స్, అంటే ఎముకలు బయటపడే మట్టిగుట్టల లోయలు, చూడ్డానికి వచ్చిన వాళ్లకీ, వచ్చే వేసవికి అమ్మానాన్నలు ఇండియా నుంచి వస్తున్నారు, సీట్లున్నాయా అని ఇప్పటి నుంచే అడుగుతున్న వాళ్లకీ కలిపి ఇది రాస్తున్నాను. ట్రిప్పు మారుతోంది, రేటు పెరుగుతోంది. ఎందుకో చెప్పకుండా కొత్త పోస్టర్ వేసి ఊరుకుంటే బాగుండదు.

రెండు వేసవులుగా నేను అమ్మింది 'ఒకే రోజులో రెండూ' ట్రిప్పు. పొద్దున డైనోసార్ల మ్యూజియం ఉన్న డ్రమ్‌హెల్లర్ ఊరు, మధ్యాహ్నం డైనోసార్ ప్రొవిన్షియల్ పార్క్, రాత్రికి ఇల్లు. వినడానికి బాగుంటుంది. కిలోమీటర్లు కూడితే తెలుస్తుంది అసలు సంగతి. కాల్గరీ నుంచి డ్రమ్‌హెల్లర్ 140 కిలోమీటర్ల దాకా ఉంటుంది. అక్కడి నుంచి పార్కుకు ఇంకో 170. పార్కు నుంచి ఇంటికి 220 పైనే. అంటే మీరు డబ్బులిచ్చి నా వ్యాన్‌లో 500 కిలోమీటర్లకు పైగా కూర్చున్నారు, అంతే. జులైలో ఒంగోలు వైపు నుంచి వచ్చిన ఒక పెద్దాయన దిగేటప్పుడు, "బాగా తిప్పావు బాబూ. కాకపోతే మా పాసింజర్ బస్సు గుర్తొచ్చింది. ఎక్కడమూ దిగడమూ తప్ప నేల మీద నిలబడింది లేదు" అన్నారు. నవ్వుతూనే అన్నారు. తిట్టి ఉంటే ఏదో ఒక సమాధానం చెప్పేవాణ్ణి.

ఇంకో సంగతి కూడా ఒప్పుకోవాలి. అన్నిసార్లు ఆ పార్కుకు మిమ్మల్ని తీసుకెళ్లాను గానీ, అక్కడి సెంట్రోసారస్ క్వారీ హైక్, అంటే గైడ్‌తో డైనోసార్ ఎముకల దిబ్బ దాకా నడక, నేనెప్పుడూ నడవలేదు. మిమ్మల్ని పార్కువాళ్ల బస్ టూరు ఎక్కించి, నేను వ్యాన్‌లో సీటు వెనక్కి వాల్చుకుని కునుకు తీసేవాణ్ణి. రాత్రి డ్రైవింగ్ ఉంది కదా అని సర్దిచెప్పుకునేవాణ్ణి.

ఆ పెద్దాయన మాట పడ్డాక ఆగస్టులో ఒక మంగళవారం బుకింగులు ఆపేసి, అందరిలాగే టికెట్ కొనుక్కుని ఒక్కణ్ణే వెళ్లాను. బ్రూక్స్ ఊరు దాటి చిన్న రోడ్డు పట్టాక చుట్టూ గోధుమ చేలు, గడ్డి భూములు, బల్లపరుపు నేల. ఇక్కడ లోయ ఉందంటే ఎవరూ నమ్మరు. పార్కు గేటు దగ్గర వ్యూ పాయింట్‌లో నిలబడితే ఒక్కసారిగా కాళ్ల ముందే నేల దిగిపోతుంది. కిందంతా చారల చారల మట్టిగుట్టలు. బూడిద రంగు మీద గోధుమ, దాని మీద తుప్పు రంగు. మంచుయుగం చివర, సుమారు 13 వేల ఏళ్ల కింద, కరిగిన మంచు నీళ్లు ఈ మెత్తటి రాతిని కోసుకుంటూ పోయాయి. అప్పటి నుంచి ప్రతి వానా ఇంకాస్త కోస్తోంది, కోసినప్పుడల్లా కొత్త ఎముకలు బయటపడుతున్నాయి. 1979లో యునెస్కో దీన్ని ప్రపంచ వారసత్వ స్థలాల జాబితాలో చేర్చింది. పార్కులో చాలా భాగం నేచురల్ ప్రిజర్వ్, అందులోకి గైడ్‌తో తప్ప వెళ్లనివ్వరు. అందుకే లోపల మీకు చూపించేది పార్కు గైడ్లే. మిమ్మల్ని తీసుకెళ్లడం, వాళ్లు చెప్పింది పెద్దవాళ్లకు తెలుగులో అందించడం వరకే నా పని.

ఆ రోజు మా గైడ్ యూనివర్సిటీలో చదువుకుంటున్న అమ్మాయి. దారిలో రెండు ముక్కలు చేతికిచ్చి ఏది ఎముకో చెప్పమంది. రెండూ రాళ్లలాగే ఉన్నాయి. ఒకదాన్ని తిప్పి విరిగిన అంచు చూపించింది, తేనెపట్టులా సన్నటి గదులున్నాయి. శిలాజమైన ఎముక సాధారణంగా నాలుకకు అంటుకుంటుంది, మామూలు రాయి అంటుకోదు, కానీ దయచేసి ఇక్కడ ఎవరూ నాకకండి అంది. మనకు చెప్పాలా! మా వెనకాయన అప్పటికే నాకేశాడు.

గంట నడిచాక ఎముకల దిబ్బ దగ్గరికి చేరాం. సెంట్రోసారస్ అంటే ముక్కు మీద ఒకే కొమ్ము, మెడ వెనక పెద్ద విసనకర్రలాంటి ఎముక ఉండే, మొక్కలు మేసే డైనోసార్. అవి ఇక్కడ ఒకటీ రెండూ కాదు, గుంపులకు గుంపులే పోయాయి. ఒక్కటీ పూర్తి అస్థిపంజరంగా లేదు. పక్కటెముకలు, దవడలు, కొమ్ములు అన్నీ కలగాపులగంగా, ఎవరో గోతంలోంచి కుమ్మరించినట్టు పడి ఉన్నాయి. ఎలా పోయాయో ఆ అమ్మాయి చెప్పింది. సుమారు 7.5 కోట్ల ఏళ్ల కింద ఇది ఎడారి లాంటి చోటు కాదట. సముద్రం ఒడ్డున పల్లపు మైదానం, వెచ్చటి వాతావరణం, నదులు, చిత్తడి. పెద్ద తుపాను వచ్చి నీళ్లు మైదానం మీదికి వచ్చేస్తే ఎక్కడానికి మెరక లేదు. మంద మొత్తం మునిగిపోయి ఉంటుందని శాస్త్రవేత్తలు అనుకుంటున్నారు. నీళ్లు తీశాక మాంసాహారులు వచ్చి పీక్కు తిన్నాయి, వాటి పళ్లు ఈ ఎముకల మధ్యే దొరికాయి.

మాది దివిసీమ. 1977 నవంబరు 19న ఉప్పెన వచ్చినప్పుడు నేను పుట్టలేదు, మా నాయనమ్మ చెప్పగా విన్నాను. పల్లపు నేల, ఎక్కడానికి మెరక లేదు, నీళ్లు తీశాక చూస్తే తుమ్మచెట్లకు చిక్కుకున్న గొడ్లు. ఇంటెనక కట్టేసిన గేదెకు పలుపు విప్పే వ్యవధి దొరకలేదని, పోయేదాకా ఆ మాటే అనేది. గైడ్ ఇంగ్లిష్‌లో చెబుతుంటే నాకు నాయనమ్మ గొంతే వినపడింది. అక్కడున్న మిగతా వాళ్లు ఫోటోలు తీసుకున్నారు. నేను ఆ కలగాపులగం ముందు చాలాసేపు కూర్చున్నాను, ఎండలో, టోపీ లేకుండా. దాని ఫలితం తర్వాత రెండు రోజులు తలనొప్పి, అది వేరే విషయం.

ఇంత దూరం వచ్చి ఇది చూపించకుండా, డ్రమ్‌హెల్లర్‌లో 86 అడుగుల డైనోసార్ బొమ్మ ముందు ఫోటో కోసం నలభై నిమిషాలు ఆపాను మిమ్మల్ని. పిల్లలకు అది ఇష్టమే, కాదనను. 106 మెట్లెక్కి దాని నోట్లోంచి తొంగిచూస్తే పెద్దవాళ్లకూ నవ్వొస్తుంది. కానీ దానికి నా వ్యాన్ అక్కర్లేదు, ఏ ఆదివారమైనా మీ కారులో వెళ్లి రావచ్చు.

కాబట్టి వచ్చే మే నుంచి వేసవి ట్రిప్పు డైనోసార్ ప్రొవిన్షియల్ పార్క్ ఒక్కటే. పొద్దున 6 గంటలకు బయల్దేరతాం, ఎండ ముదరకముందే హైక్ మొదలవ్వాలి. క్వారీ హైక్ సుమారు రెండున్నర గంటలు, ఎత్తుపల్లాలు ఉంటాయి. మోకాళ్ల నొప్పులున్న వాళ్లకు మొహమాటం అక్కర్లేదు, ఆ టైములో పార్కువాళ్ల బస్ టూరు ఎక్కిస్తాను. భోజనం నది పక్కన కాటన్‌వుడ్ చెట్ల కింద. ఆ చెట్ల నీడ తప్ప లోయలో ఇంకెక్కడా నీడ లేదు. చింతపండు పులిహోర, పెరుగన్నం, ఊరమిరపకాయలు మామూలే. కొబ్బరి పచ్చడి మాత్రం ఇక పెట్టను. మొన్న వేసవిలో అది వ్యాన్‌లోనే పాడై, వాసన చూసి పారబోయాల్సి వచ్చింది. మనిషికి రెండు లీటర్ల నీళ్లు తప్పనిసరి. చెప్పులతో, చీర కుచ్చిళ్లతో హైక్‌కు రావద్దని అమ్మలకు చెప్పండి. నేల మీద ముళ్ల జెముడు ఉంటుంది, చూసుకోకుండా చెయ్యి ఆనిస్తే గంటసేపు ట్వీజర్‌తో పని. రాటిల్‌స్నేక్ పాములు కూడా ఉన్నాయి. నేను ఇప్పటిదాకా ఒక్కటీ చూడలేదు గానీ లేవని చెప్పలేను.

వాన విషయం. జూన్ చివరి బ్యాచ్‌కు నేను క్షమాపణ చెప్పాలి. ఆ రోజు దారిలోనే చినుకులు మొదలయ్యాయి, మనం చేరేసరికి పార్కువాళ్లు టూర్లు ఆపేశారు. కొంతమంది, ఈమాత్రం వానకే ఆపేస్తారా అని నా మీద విసుక్కున్నారు. అక్కడి మట్టిలో బెంటొనైట్ ఉంటుంది, అగ్నిపర్వతాల బూడిద మారి ఏర్పడిన బంకమన్ను. ఎండినప్పుడు పైన పేలాల్లాగా పొరలు లేచి ఉంటుంది, తడిస్తే సబ్బు. మన నల్లరేగడిలో కూడా ఇదే జాతి ఖనిజం. వానాకాలం చేలో నడిచిన వాళ్లకు చెప్పక్కర్లేదు, నాలుగు అడుగులేస్తే కాలికి రెండు కిలోలు. అందులో గుట్ట ఎక్కితే జారి పడటమే. పార్కువాళ్లు చేసింది న్యాయం. చెయ్యనిది నేను. ముందు రాత్రి వాతావరణం చూసి కూడా, ఆగిపోతుందిలే అని బయల్దేరదీశాను. పైగా పోస్టర్ కింద చిన్న అక్షరాల్లో 'వాపసు లేదు' అని రాసి, తర్వాత సిగ్గుపడి సగం ఇచ్చాను. ఇకపై ముందు రాత్రి 8 గంటలకు మెసేజ్ పెడతాను. ట్రిప్పు ఆగితే ఇంకో తేదీ గానీ పూర్తి డబ్బులు గానీ, ఏది కావాలో మీరే చెప్పండి.

రేటు 145 డాలర్ల నుంచి 180 అవుతోంది. సీట్లు 14 నుంచి 10కి తగ్గిస్తున్నాను. సీట్లన్నీ నిండినా నాకు ట్రిప్పుకు వచ్చేది 2,030 నుంచి 1,800కు పడిపోతుంది. డీజిల్ కొంత కలిసొస్తుంది, ఇన్సూరెన్స్ పెరిగింది, వాన రోజుల నష్టం నాదే. పదిమందైతే గైడ్ చెప్పింది నేను తెలుగులో చెప్పేటప్పుడు వెనకున్న వాళ్లకూ వినపడుతుంది, 14 మందైతే అరిచి చెప్పాల్సి వస్తుంది. ఎక్కువ అనిపిస్తే మీరే డ్రైవ్ చేసుకుని వెళ్లండి, నిజంగానే అంటున్నాను. హైక్ టికెట్లు మాత్రం ముందుగా బుక్ చేసుకోండి, వేసవి వారాంతాలకు తొందరగా అయిపోతాయి.

పిల్లలున్న వాళ్లు ఇది కాస్త జాగ్రత్తగా చదవండి. ఆ పార్కులో గులకరాయి కూడా తీసుకెళ్లకూడదు. అల్బర్టాలో శిలాజాలు ప్రభుత్వ ఆస్తి. చట్టం తప్పితే 50 వేల డాలర్ల దాకా జరిమానా, ఏడాది దాకా జైలు కూడా ఉంది. ప్రైవేటు పొలంలో యజమాని ఒప్పుకుంటే నేల పైన దొరికింది తీసుకోవచ్చు, కానీ మీరు కాపలాదారు మాత్రమే. అనుమతి లేకుండా అమ్మకూడదు, రాష్ట్రం దాటించకూడదు. మా ట్రిప్పులో ఒక బాబు జేబులో బొటనవేలంత ఎముక ముక్క వేసుకుని, తిరుగు దారిలో వాళ్లమ్మకు చూపించాడు. వ్యాన్ వెనక్కి తిప్పాను. గైడ్ కోప్పడలేదు, ఎక్కడ తీశావు నాన్నా అన్నట్టు మెల్లగా అడిగింది. వాడు అటు చూశాడు, ఇటు చూశాడు, గుర్తు రాలేదు. ఏ పొరలో, ఏ మూల దొరికిందో తెలియకపోతే ఆ ముక్క చెప్పే కథ సగం పోయినట్టేనని అప్పుడు నాకూ అర్థమైంది.

డ్రమ్‌హెల్లర్‌ను పూర్తిగా వదలడం లేదు. పార్కులో గైడెడ్ టూర్లు ఆగిపోయాక, చలికాలంలో రాయల్ టైరెల్ మ్యూజియం ఒక్కదానికే ట్రిప్పు ఉంటుంది, నాలుగు గంటలు లోపలే. మిగతా ఏది వదిలినా బొరియాలోపెల్టా అనే కవచమున్న డైనోసార్ ముందు మాత్రం ఆగండి. 2011లో ఫోర్ట్ మెక్‌ముర్రే దగ్గర గనిలో తవ్వే యంత్రానికి తగిలింది. కవచం, చర్మం, పడుకుని నిద్రపోతున్నట్టున్న ముఖం, అన్నీ రాయై మిగిలాయి. చుట్టూ ఉన్న రాతిని ఒక టెక్నీషియన్ సుమారు 7,000 గంటలు కూర్చుని తొలగించాడు, జాతికి ఆయన పేరే పెట్టారు. ఇక మ్యూజియానికి పేరున్న టైరెల్ 1884లో అక్కడికి వెళ్లింది బొగ్గు వెతకడానికి, దొరికింది అల్బర్టోసారస్ అనే మాంసాహార డైనోసార్ పుర్రె. ఇది చెప్పినప్పుడు మంచిర్యాల నుంచి వచ్చిన ఒక పెద్దమ్మ, "మా దిక్కు గూడ గంతే బిడ్డా, బొగ్గున్న కాడనే రాక్షసబల్లి" అంది. నిజమే. హైదరాబాద్ బిర్లా సైన్స్ మ్యూజియంలో నిలబెట్టిన కోటసారస్ ఎముకలు పాత ఆదిలాబాద్ జిల్లా యామన్‌పల్లి దగ్గర దొరికినవే, సింగరేణి బొగ్గున్న ఆ గోదావరి లోయలోనే. పదేళ్లు హైదరాబాద్‌లో ఉండి నేను దాన్ని ఒక్కసారీ చూడలేదు. ఈ డిసెంబరులో ఇండియా వెళ్తున్నాను, చూసొస్తాను.

చివరగా రెండు పనులు. జూన్ బ్యాచ్‌లో సగం డబ్బులే అందిన వాళ్లకు మిగతా సగం పంపేశాను, ముగ్గురివి మాత్రం తిరిగొచ్చాయి, నంబర్లు మారినట్టున్నాయి. మెసేజ్ పెట్టండి. అలాగే వ్యాన్ వెనక సీటు కింద మూడు గిన్నెల స్టీలు క్యారియర్ ఒకటి దొరికింది. మూత మీద పేరు, పెళ్లి తేదీ చెక్కించి ఉన్నాయి. పేరు ఇక్కడ రాయడం బాగుండదు, ఆ తేదీ చెప్పిన వాళ్లకు ఇచ్చేస్తాను. కడిగే ఉంచాను.