కూలీ ఓడలెక్కిన మనవాళ్ళ ఊళ్ళు దొరికే దారి చూపించండి: కేంద్ర సాంస్కృతిక శాఖ మంత్రిగారికి బహిరంగ లేఖ

గౌరవనీయులైన మంత్రిగారికి నమస్కారం.

నేను శ్రీకాకుళంలో ఉంటాను. బడిలో సోషల్ చెప్పి రిటైరయ్యాను. నాలుగేళ్ళుగా నాకో వ్యాపకం అంటుకుంది. దక్షిణాఫ్రికా నుంచో మారిషస్ నుంచో ఎవరో ఒకరు ఫోన్‌కి కూలీగా ఓడెక్కిన తమ పూర్వీకుల కాగితం ఫొటో పంపి, "మాస్టారూ, ఇది ఏ ఊరు?" అని అడుగుతారు. వాళ్ళలో చాలామందికి తెలుగు రాదు. ఆ "మాస్టారూ" అన్న మాట మాత్రం ఒకరి నుంచి ఒకరు నేర్చుకున్నట్టున్నారు.

1860 నవంబర్ 16న ఒప్పంద కూలీలతో ట్రూరో అనే ఓడ మద్రాసు నుంచి వెళ్ళి డర్బన్‌లో ఆగింది. 1911 దాకా దక్షిణాఫ్రికాలోని నేటాల్ చెరకు తోటలకీ గనులకీ వెళ్ళినవాళ్ళు లక్షన్నరకి పైనే. ఓడ జాబితాలో ఒక్కో మనిషికి ఒక్కో వరుస. నంబరు, పేరు, తండ్రి పేరు, వయసు, కులం, జిల్లా, తాలూకా, ఊరు, ఒంటిమీది గుర్తులు. ఆ జాబితాలు ఇవాళ ఇంటర్నెట్‌లో ఉన్నాయి. కలకత్తా నుంచి అప్పట్లో డచ్చివాళ్ళ ఏలుబడిలో ఉన్న సురినామ్ వెళ్ళినవాళ్ళ వివరాలైతే నెదర్లాండ్స్ జాతీయ ఆర్కైవ్స్ సైట్‌లో పేరు కొట్టి వెతుక్కోవచ్చు, పైసా ఖర్చు లేదు. ఒకావిడ తన ముత్తాత వరుసలో "ఎడమ మోకాలి మీద మచ్చ" అని చదివి, ఆ రోజు ఇంక ఊరి సంగతి అడగలేదు. ఫొటో కూడా లేని మనిషికి ఆ మచ్చ ఒక్కటే ఆనవాలు మరి.

ఓడ ఎక్కింది ఇక్కడ, దిగింది అక్కడ. దిగిన చోటి లెక్క దొరుకుతోంది. ఎక్కిన చోటికి వచ్చేసరికి దారి మూసుకుపోతోంది. నా ఫిర్యాదంతా ఇదే.

జిల్లా పేరు సంగతే చూడండి. కాగితంలో "గంజాం జిల్లా, చికాకోల్ తాలూకా" అని ఉంటుంది. డర్బన్‌లో కూర్చున్న కుర్రాడు మ్యాప్‌లో గంజాం కోసం చూస్తాడు, ఒడిశా చూపిస్తుంది. అక్కడే నెలల తరబడి వెతుకుతాడు. చికాకోల్ అంటే మా శ్రీకాకుళమేననీ, 1936లో ఒడిశా ఏర్పడేదాకా ఇది గంజాం జిల్లాలోనే ఉండేదనీ, ఆ తర్వాత విశాఖపట్నం జిల్లాలో కలిసి 1950లో సొంత జిల్లా అయిందనీ అతనికి ఎవరు చెబుతారు? ఈ పాత పేర్లకీ కొత్త పేర్లకీ లంకె వేసే పట్టిక ఒకటి ఇంటర్నెట్‌లో పెడితే సగం పని తీరిపోతుంది. దానికి కోట్లు అక్కర్లేదు. తాలూకాలు తెలిసిన నాలాంటి ముసలాళ్ళు పదిమంది చాలు.

పేర్ల గోల ఇంకా పెద్దది. గుమస్తా చెవికి ఎలా వినబడితే అలా రాశాడు. ఎల్లమ్మని ఒక చోట ఇంగ్లీషు Y అక్షరంతో, ఇంకో చోట E అక్షరంతో మొదలుపెట్టాడు. దగ్గర దగ్గరగా పలికే పేర్లను పట్టడానికి సౌండెక్స్ అని ఒక పద్ధతి ఉంది, 1918లో అమెరికాలో పేటెంట్ తీసుకున్నది. అది మొదటి అక్షరాన్ని ఉన్నదున్నట్టే ఉంచి మిగతా హల్లుల్ని అంకెలుగా మారుస్తుంది. అంటే మన ఎల్లమ్మ ఇద్దరు మనుషులైపోతుంది. తెలుగు లిపిలో సూచిక తయారుచేస్తే ఈ తంటా ఉండదు. ఇక ఇంటిపేరు నేను చూసిన కాగితాల్లో ఒక్కదాంట్లోనూ కనబడలేదు. తండ్రి పేరు, ఊరు, ఈ రెండే ఆధారం. అందుకే ఊరి పేరు పట్టుకుని వెతికే వీలు ఉండాలంటున్నాను.

గత ఏడాది పాత రిజిస్టర్ల కోసం ఒక కార్యాలయానికి వెళ్ళాను. పేరు చెప్పను. "అంతా ఆన్‌లైన్‌లో పెట్టేశాం, అక్కడ చూసుకోండి" అన్నారు. ఇంటికొచ్చి చూస్తే సైట్‌లో "వివరాలకు కార్యాలయాన్ని సంప్రదించండి" అని ఉంది. నవ్వాలో ఏడవాలో తెలియలేదు.

మీ శాఖ కింద ఉన్న జాతీయ అభిలేఖాగారానికి (నేషనల్ ఆర్కైవ్స్‌కి) అభిలేఖ్ పటల్ అనే పోర్టల్ 2015 నుంచీ ఉంది. మంచిదే, నేనూ వాడతాను. కానీ ఫైలు శీర్షిక దొరికినంత తేలిగ్గా ఫైలు లోపలి మనిషి దొరకడు. స్కాన్ చేసి పెట్టడం వేరు, వెతికితే దొరికేలా పెట్టడం వేరు. 2025 జనవరిలో భువనేశ్వర్‌లో జరిగిన ప్రవాసీ భారతీయ దివస్‌లో గిర్మిటియాల, అంటే ఒప్పంద కూలీలుగా వెళ్ళినవాళ్ళ, సమగ్ర డేటాబేస్ ఉండాలని ప్రధానిగారే అన్నారు. ఆ పనిలో మద్రాసు రేవు నుంచి వెళ్ళినవాళ్ళని మరిచిపోవద్దు. గిర్మిటియా అనగానే అందరికీ భోజ్‌పురీ ప్రాంతమే గుర్తొస్తుంది, మా గంజాం, విశాఖపట్నం, గోదావరి జిల్లాలు గుర్తురావు. చెన్నైలో రాష్ట్ర ఆర్కైవ్స్ ఉంది, వాళ్ళతో మాట్లాడాల్సింది మీరే.

ఇంకో మాట. కులం గడిని చెరపమనను, చరిత్ర చరిత్రే. కానీ కులం కొట్టి వెతికే పెట్టె మాత్రం పెట్టకండి. ఆ గడిలో గుమస్తా ఊహా ఉంటుంది, ఓడెక్కేవాడు చెప్పిన అబద్ధమూ ఉంటుంది.

భూమి రికార్డులు రాష్ట్రాల చేతిలో ఉంటాయి, తెలుసు. అయినా చెప్పాలి. ఊరు దొరికాక ఇక్కడ ఉండిపోయిన అన్నదమ్ముల సంతానాన్ని పట్టించేది ఆ కాగితాలే. రైతువారీ ఊళ్ళకి ఆర్‌ఎస్‌ఆర్ (రీసెటిల్‌మెంట్ రిజిస్టర్), జమీందారీ ఊళ్ళకి 1948 ఎస్టేట్ల రద్దు చట్టం తర్వాత వచ్చిన ఫెయిర్ అడంగల్ అనే భూముల రిజిస్టర్. ఒక ఉత్తరం మీరు రాస్తే అది కదులుతుంది, నేను రాస్తే కదలదు.

మారిషస్‌లో ఏడో తరం వాళ్ళకి కూడా విదేశాల్లోని భారత సంతతికి ఇచ్చే ఓసీఐ కార్డుకి అర్హత ఇస్తామని 2024 మార్చిలో మన రాష్ట్రపతిగారు ప్రకటించారు. ఏడో తరం మనిషి మొదటి తరం మనిషిని కాగితం మీద చూపించాలంటే ఆ కాగితం ముందు దొరకాలి కదండీ.

ఆ మోకాలి మచ్చ ఆవిడ ఈ డిసెంబర్‌లో వస్తానంది. ఆవిడ కాగితంలో ఉన్న ఊరి పేరు మా జిల్లాలో మూడు చోట్ల ఉంది. మూడింటికీ తీసుకెళ్తాను. అంతకుమించి నా దగ్గర వేరే ఉపాయం లేదు.

ఇట్లు,
ఒక రిటైర్డ్ సోషల్ మాస్టారు,
శ్రీకాకుళం