ఒరేయ్, ఆ బూడిద రంగు మనుషుల్ని చూసొచ్చాను

ఒరేయ్ ఆర్టిస్టూ,

తిట్టకు. నెలన్నరైంది, తప్పు నాదే. అందరం బాగున్నాం, బుడ్డోడికి పాలపళ్లు ఊడుతున్నాయి, ఉద్యోగం ఇంకా ఉంది. కబుర్లు అయిపోయాయి, అసలు సంగతి విను.

2025 ఆగస్టులో న్యూయార్క్‌లో విట్నీ మ్యూజియానికి వెళ్లాను, ఎమీ షెరాల్డ్ బొమ్మలు చూడ్డానికి. ఆ నెల 10తో అయిపోతుందంటే పరుగెత్తాను. మిషెల్ ఒబామా పోర్ట్రెయిట్ వేసిందే, ఆవిడే. 2018లో ఆ ఫోటో నాకు పంపి "గౌను అదిరింది, మొహం పోలిక రాలేదు" అన్నది ఎవరు? నేనూ పెద్ద తెలిసినవాడిలా తలూపాను. ఇద్దరం పప్పులో కాలేశాం రా. ఫోన్లో చూడాల్సిన బొమ్మ కాదది, దాదాపు ఆరడుగులు!

ఆవిడ బొమ్మల్లో అందరూ నల్లజాతి వాళ్లే, కానీ ఒంటికి గోధుమ రంగు అన్నదే లేదు, అంతా బూడిద. పాత బ్లాక్ అండ్ వైట్ ఫోటోలోంచి మనిషిని లేపి, పండక్కి కొన్న బట్టలు తొడిగి నిలబెట్టినట్టు. నలుపులో నేపుల్స్ ఎల్లో అనే లేత పసుపు రంగు కలుపుతుందట, అందుకే దగ్గరికెళ్తే ఆ బూడిదలో ఎక్కడో వెచ్చగా ఉంటుంది. అది పట్టుకుందామని ముక్కు కాన్వాసుకి ఆనించేంత పని చేశాను. గార్డు "సార్, వెనక్కి" అన్నాడు. రెండోసారి కూడా అనేసరికి పక్కనున్న పెద్దావిడ ఫక్కున నవ్వింది.

అది 'మిస్ ఎవ్రీథింగ్' అనే బొమ్మ ముందు. ఎర్ర టోపీ, చుక్కల గౌను, తెల్ల గ్లౌజులు, చేతిలో మరీ అంత పెద్ద టీ కప్పు, మొహంలో మాత్రం "చూస్తే చూడు" అన్న ధీమా. దీనికే 2016లో వాషింగ్టన్ నేషనల్ పోర్ట్రెయిట్ గ్యాలరీ పోటీలో మొదటి బహుమతి, 25,000 డాలర్లు. అది గెలిచిన మొదటి ఆడమనిషి ఈవిడే. వేళ్లు లెక్కపెట్టాను రా, సరిగ్గానే ఉన్నాయి. అందరూ నీలా ఉండరు.

షెరాల్డ్ 38 ఏళ్లు వచ్చేదాకా హోటళ్లలో వడ్డించే పని చేసిందట. 30కే గుండె జబ్బని తేలింది, 2012 చివర్లో గుండే మార్చారు. ఆ బహుమతి, ఒబామా బొమ్మ అన్నీ ఆ తర్వాతే. ఇదంతా నీకు ఎందుకు చెప్తున్నానంటే... వద్దులే, "మొదలెట్టాడ్రా" అంటావు. కానీ ఆ కుంచెలు ఇంకా ఆ డబ్బాలోనే ఉన్నాయా?

బ్రియానా టేలర్ బొమ్మ దగ్గర మాత్రం నోరు పెగల్లేదు. 2020లో పోలీసు కాల్పుల్లో ఇంట్లోనే చనిపోయిన అమ్మాయి. నీలాకాశం లాంటి గౌను, వెనక గోడా అదే నీలం, వేలికి ఉంగరం. ఆ ఉంగరం పెట్టి పెళ్లికి అడగాలనుకున్నాడు ఆమె ప్రేమించిన అబ్బాయి, ఆ అవకాశమే రాలేదు. బొమ్మలో పెట్టింది షెరాల్డ్. ఆ వేలి దగ్గరే చాలాసేపు నిలబడిపోయాను. ఈసారి గార్డు ఏమీ అనలేదు.

ఇంకోటి, ఈ బొమ్మలన్నీ ఆ సెప్టెంబర్లో ఆ పోర్ట్రెయిట్ గ్యాలరీకే వెళ్లాల్సింది. జూలైలో ఆవిడే వద్దనేసింది! స్టాట్యూ ఆఫ్ లిబర్టీలా నిలబడ్డ ట్రాన్స్ మహిళ బొమ్మ ఒకటుంది, దాన్ని పక్కన పెట్టే ఆలోచన లోపల నడిచిందని ఆవిడ మాట, మ్యూజియం వాళ్లు వేరేలా చెప్పారు. ఏదైనా, తనకి పేరు తెచ్చిన చోటునే కాదనడమంటే... నాకైతే నోరు రాదు. నీకొస్తుంది, నీ తిక్క నాకు తెలుసుగా.

అయ్యో, లోపల్నుంచి కేకలు. బుడ్డోడి ఇంకో పన్ను చేతిలోకొచ్చిందట. నువ్వు వేసిన నా బొమ్మ అటక మీదే ఉందా? ఫోటో తీసి పంపు, చెయ్యి కనపడేలా. మిగతాది రేపు

నీ ఆరువేళ్లోడు