వెనక వరుస కథ చెప్పడానికి చేయి వేసిన అందరికీ

అందరికీ నమస్కారం. మా బడి బాలికల ఫుట్‌బాల్ జట్టుకు ఇంగ్లండ్ డిఫెండర్ (వెనక వరుసలో ఉండి గోలు పడకుండా ఆపే క్రీడాకారిణి) లూసీ బ్రాంజ్ ఆటను తెర మీద చూపిస్తూ తెలుగులో వివరించాలని ఉంది, కాస్త తోడు రండి అని సెలవుల ముందు అడిగాను. అడిగినదానికన్నా ఎక్కువే చేశారు. ఒక్కొక్కరికీ ఫోనులో చెప్పాను కానీ, నలుగురిలో చెప్పకపోతే నాకు తృప్తి ఉండదు.

ఎందుకు అడగాల్సి వచ్చిందో కొత్తవారి కోసం రెండు మాటలు. మాది నిజామాబాద్ జిల్లా. ఇక్కడి తండా నుంచి జాతీయ జట్టుకు వెళ్లిన గుగులోత్ సౌమ్య ముందు వరుసలో ఆడుతుంది. ఇంకేముంది, మా పిల్లలందరూ సౌమ్యలే! వెనక నిలబెడితే శిక్ష వేసినట్టు మొహం మాడ్చుకుంటారు. వాళ్లను మాత్రం ఏమనగలం? గోలు కొట్టిన అమ్మాయి పేరు మర్నాడు పేపర్లో వస్తుంది, గోలు పడకుండా ఆపిన అమ్మాయి పేరు ఎక్కడా ఉండదు.

మాంచెస్టర్‌లో ఉంటున్న సోదరుడొకరు పాత మ్యాచ్‌ల నుంచి బంతి బ్రాంజ్ దగ్గర లేని క్షణాలను కూడా ఏరి పంపారు. డిఫెండర్ పనంతా అక్కడే ఉంటుందని ఆయనకు నేను చెప్పనవసరం లేకపోయింది. వరంగల్‌లోని ఒక తెలుగు ఉపాధ్యాయురాలు బ్రాంజ్ కథను పిల్లలకు అర్థమయ్యే మాటల్లో రాసిచ్చారు. 1991లో పుట్టిన బ్రాంజ్ తండ్రి పోర్చుగల్ వారు, తల్లి ఇంగ్లండ్ మనిషి. చిన్నప్పుడు మగపిల్లల జట్టులో ఆడేది. పన్నెండేళ్లు వచ్చేసరికి నిబంధనలు ఒప్పుకోవంటూ ఆ జట్టు నుంచి తప్పించారు. ఆ ముక్క చదివినప్పుడు మా వాళ్లలో గుసగుసలు మొదలయ్యాయి. మా మైదానంలో మగపిల్లల క్రికెట్ ముగిశాకే వీళ్ల వంతు మరి.

తర్వాతి కథ వేగంగా నడిచింది. ఆడిన క్లబ్బులు ఇవీ: ఎవర్టన్, లివర్‌పూల్, మాంచెస్టర్ సిటీ, ఫ్రాన్స్‌లో లియోన్, స్పెయిన్‌లో బార్సిలోనా, 2024 నుంచి చెల్సీ. లియోన్‌తో మూడుసార్లు, బార్సిలోనాతో రెండుసార్లు యూరప్ క్లబ్బుల పెద్ద పోటీ ఛాంపియన్స్ లీగ్ గెలిచింది. 2020లో ఫిఫా ఉత్తమ క్రీడాకారిణి బహుమతి అందుకుంది. మహిళల్లో ఒక డిఫెండర్‌కు అది దక్కడం అదే మొదటిసారి. కప్పుల సంగతి పిల్లలు మర్యాదగా విన్నారు, అంతే.

వాళ్లను కదిలించింది 2023 ప్రపంచకప్ ఫైనల్. సిడ్నీలో స్పెయిన్‌తో ఆట, 29వ నిమిషం. బ్రాంజ్ తన కుడి పక్కను వదిలి బంతితో మైదానం మధ్యలోకి దూసుకొచ్చింది. చుట్టూ ఎర్ర జెర్సీలు, బంతి పోయింది. సరిగ్గా అక్కడ వీడియో ఆపి, ఇప్పుడు ఖాళీ ఎక్కడుందని అడిగాను. ఎప్పుడూ నోరు విప్పని ఒక పిల్ల లేచి వచ్చి, బ్రాంజ్ వదిలిన చోట తెర మీద వేలు పెట్టింది. వీడియో కదిలించాను. స్పెయిన్ వాళ్లు బంతిని అటే మళ్లించారు, ఓల్గా కార్మోనా ఎడమ కాలితో కొట్టింది, గోలు. ఇంగ్లండ్ 0-1తో ఓడిపోయింది. అంత గొప్ప క్రీడాకారిణి పొరపాటును పిల్లలకు చూపించడమెందుకని ఇద్దరు ముగ్గురు పెద్దలు అడిగారు. నా దృష్టిలో ఆ ఒక్క వీడియో నెల రోజుల శిక్షణతో సమానం.

దాని వెంటనే యూరప్ దేశాల కప్పు, 2025 యూరో క్వార్టర్ ఫైనల్ వేశాం. జ్యూరిచ్‌లో స్వీడన్ 2-0తో ముందుంది. 79వ నిమిషంలో బ్రాంజ్ తలతో గోలు చేసింది, మరి కాసేపటికే స్కోరు సమమైంది. గెలుపు తేల్చే పెనాల్టీల్లో ఇంగ్లండ్ తరఫున ఏడో కిక్‌కు వచ్చి బంతిని గట్టిగా బాదింది. ఆ తర్వాత స్వీడన్ అమ్మాయి గురి తప్పడంతో ఇంగ్లండ్ గెలిచింది, చివరికి కప్పూ కొట్టింది. టోర్నీ మొత్తం కాలి ఎముకలో పగులుతోనే ఆడానని ఫైనల్ అయ్యాక బయటపెట్టింది. అప్పటికి ఆమెకు 33 ఏళ్లు.

ఈ మాటకు పిల్లలు చప్పట్లు కొడుతుంటే, కరీంనగర్ నుంచి వచ్చిన ఫిజియోథెరపిస్టు గారు లేచి, నొప్పి ఉంటే ముందు టీచర్‌కు చెప్పాలి, మీరెవరూ అలా ఆడకూడదని కాస్త గట్టిగానే చెప్పారు. ఆయనకు ప్రత్యేకంగా నమస్కరిస్తున్నాను. బ్రాంజ్ మోకాలికి చిన్న వయసులోనే పలుమార్లు శస్త్రచికిత్స జరిగిందని గుర్తుచేసి, ఆడపిల్లల్లో మోకాలి లిగమెంట్ తెగే ముప్పు మగపిల్లల కన్నా ఎక్కువని వివరించారు. గెంతి దిగేటప్పుడు మోకాళ్లు లోపలికి వంగకుండా ఎలా దిగాలో ఒక్కొక్కరి చేతా చేయించారు. ఫీజు మాట ఎత్తితే కోప్పడ్డారు.

ప్రొజెక్టర్ ఇచ్చిన ఫొటో స్టూడియో యజమానికి, కరెంటు పోయినప్పుడు జనరేటర్ తెచ్చిన టెంటు హౌస్ తమ్ముడికి, పులిహోర చేసి పంపిన తల్లులకు ధన్యవాదాలు. మీరు పంపిన డబ్బులో మిగిలింది పిల్లల కాళ్లకు దెబ్బ తగలకుండా కట్టుకునే షిన్ గార్డులకు ఖర్చు పెట్టాను. రసీదులు బడిలో ఉన్నాయి, ఎవరైనా వచ్చి చూడవచ్చు.

ప్రస్తుతానికి బ్రాంజ్ ఆడే రైట్ బ్యాక్ (వెనక వరుసలో కుడి పక్క) స్థానానికి ఇద్దరు పోటీ పడుతున్నారు. తెర మీద వేలు పెట్టిన పిల్ల అందులో ఒకతె.

వీడియోలు, తెలుగు వ్యాఖ్యానం ఉన్న పెన్‌డ్రైవ్ నా దగ్గర ఉంది. ఏ బడి వారికి కావాలన్నా కాపీ చేసి ఇస్తాను. ప్రొజెక్టర్ మాత్రం తిరిగి ఇచ్చేశాను, అది మీరే చూసుకోవాలి.