రెంబ్రాంట్‌వి సెల్ఫీలు కావు

సంపాదకులకు నమస్కారం.

గత ఆదివారం మీరు డచ్ చిత్రకారుడు రెంబ్రాంట్ మీద వేసిన వ్యాసంలో, ఆయన గీసుకున్న తన బొమ్మలన్నిటినీ ‘ఆ కాలపు సెల్ఫీలు’ అన్నారు. చదివి బాధ కలిగింది. 30 ఏళ్లుగా ప్రతి పుట్టినరోజుకీ అద్దం ముందు కూర్చుని నా ముఖం నేను వేసుకుంటున్నాను. అందుకే ఈ ఉత్తరం.

1630లో, ఇరవై నాలుగేళ్లైనా సరిగ్గా నిండని వయసులో, ఆయన చేసిన ఒక చిన్న ఎచింగ్ (రాగిరేకు మీద గీసి, కాగితం మీద అచ్చుతీసే బొమ్మ) ఉంది. అందులో కళ్లు పెద్దవి చేసి, నోరు తెరిచి, ఉలిక్కిపడ్డట్టు ఉంటాడు. అందంగా కనబడాలనుకునేవాడు అలా గీసుకుంటాడా? ఉలిక్కిపడితే కనుబొమ్మలు ఎటు లేస్తాయో నేర్చుకుంటున్నాడు. డబ్బు అడగకుండా, పిలిచినప్పుడల్లా వచ్చి కూర్చునే మోడల్ ఎవరికైనా తన ముఖం ఒక్కటే.

లండన్ నేషనల్ గ్యాలరీలో ఆయన 34 ఏళ్ల బొమ్మ, 63 ఏళ్ల బొమ్మ రెండూ ఉన్నాయి. మొదటిదాంట్లో ఖరీదైన బట్టలు, మంచి ధీమా. దాన్ని సెల్ఫీ అంటే ఊరుకుంటాను. ఆ తర్వాత 1656లో దివాలా తీశాడు, ఇల్లు పోయింది. 1668లో కొడుకు టైటస్ చనిపోయాడు. రెండో బొమ్మ 1669లోది, ఆయన పోయిన ఏడాదిది. వదులైన చర్మం, ముడతలు, ఏదీ దాచలేదు. ఎక్స్‌రేలో చూస్తే ముందు చేతిలో కుంచె వేశాడట. తర్వాత దాన్ని చెరిపేసి చేతులు కలిపి పెట్టాడు. ఆ కుంచె ఎందుకు తీసేశాడా అని ఎన్ని రాత్రులు ఆలోచించానో!

నా అనుభవం ఒకటి చెప్తాను. ఒక నాలుగేళ్ల పాటు నా బొమ్మల్లో ముఖం పసుపు, గోధుమ రంగులకి తిరిగిపోయింది. వయసు మీద పడి ఒంటి రంగు మారిందనుకున్నాను. శుక్లం ఆపరేషన్ అయ్యాక పాతవన్నీ గోడకి ఆనించి చూస్తే తెలిసింది, మారింది ముఖం కాదు, కన్ను. నాకు తెలియకుండానే నా శుక్లాన్ని ఏటేటా బొమ్మ వేస్తూ వచ్చాను. ఏళ్ల తరబడి, అదే అద్దం ముందు, అదే ముఖం వేస్తేనే ఇలాంటిది బయటపడుతుంది.

ఒక మనవి. ఇలాంటి బొమ్మలు అచ్చువేసినప్పుడు కింద సంవత్సరం, అప్పటికి చిత్రకారుడి వయసు తప్పకుండా ఇవ్వండి. ఆ వ్యాసంలో నాలుగు బొమ్మలున్నా ఒక్కదానికీ ఇవ్వలేదు. పైగా ముసలి రెంబ్రాంట్‌ని ముందు పెట్టి, కుర్రవాణ్ణి చివర పెట్టారు.

ఇట్లు,
ఒక రిటైర్డ్ డ్రాయింగ్ మాస్టారు